కప్పు నిలిపిన వంతెన

మన శతవార్షికోత్సవ సంచికలో తొలి గురువులను గురించి, బైబిలు స్త్రీలను గురించి, బడులను, ఆసుపత్రులను గురించి పెద్దలు అనేకులు వ్రాస్తున్నారు. వారి వ్యాసాల నడుమ నేను ఒక వంతెన చరిత్ర చెప్పదలచాను. ఇది మన కృష్ణ మీదిది కాదు, గోదావరి మీదిది కాదు. అమెరికా దేశంలో, పెన్సిల్వేనియా రాష్ట్రంలో, ఒక పల్లెటూరి వాగు మీద 1854 ప్రాంతంలో కట్టిన కర్ర వంతెన. దానికి ఇంటికి ఉన్నట్లే పైన కప్పు, రెండు ప్రక్కల చెక్క గోడలు ఉన్నవి. దూరం నుండి చూచినవారు ఎవరో వాగుకు అడ్డంగా ధాన్యపు కొట్టు కట్టారని అనుకుంటారు. ఆ కర్ర కట్టడం 170 ఏండ్లుగా నిలిచి ఉన్నది. ఎట్లు నిలిచింది? ఈ ప్రశ్నకు వచ్చే జవాబు నూరేండ్లు నిండిన సంఘానికి పనికివస్తుందని నా నమ్మకం.

ఎక్కడి వంతెన, ఎక్కడి మనము అని చదువరులు అనుకోవద్దు. ఆ వంతెన ఉన్నది గెట్టిస్‌బర్గ్ అనే పట్టణం ప్రక్కన. ఆ పట్టణంలో 1826లో స్థాపించిన లూథరన్ వేదాంత పాఠశాల ఉన్నది. గుంటూరు సీమలో సువార్త చెప్పిన తొలి మిషనెరీలలో కొందరు అక్కడ చదివి వచ్చినవారే. లూథరన్ సంఘం మనకు పొరుగు సంఘం. పెండ్లి సంబంధాలు ఇచ్చి పుచ్చుకునే చుట్టం. కనుక ఆ ఊరి కథలో మన కథ కూడా కొంత ఉన్నది. ఎక్కడ ఉన్నదో ముందుకు వెళ్ళేకొద్దీ తెలుస్తుంది.

వంతెనకు కప్పు ఎందుకు?

కప్పు వంతెన అనగానే, బాటసారులు వానకు తడవకుండా వేశారని ఎవరైనా అనుకుంటారు. గుర్రాలు క్రింద పారే నీటిని చూచి బెదరకుండా గోడలు కట్టారని కొందరు చెబుతారు. మంచు పేరుకొని బరువుకు వంతెన కూలకుండా కప్పు వేశారని మరికొందరు అంటారు. ఈ ప్రయోజనాలలో కొన్ని నిజమే కావచ్చు గాని అసలు కారణం అది కాదు. కప్పు వేసింది మనుష్యుల కొరకు కాదు, వంతెన కొరకే.

కర్రకు బరువు పెద్ద శత్రువు కాదు. ఎండిన మంచి దూలం బండ్లను, పశువులను తరతరాలు మోస్తుంది. దాని శత్రువు తడి. వానకు తడిసి, ఎండకు ఆరి, మరల తడిసేటప్పుడు అతుకుల సందులలో నీరు నిలుస్తుంది. అక్కడ బూజు పుడుతుంది, కర్ర లోలోపల పుచ్చిపోతుంది. పైకి చూస్తే దూలం బాగానే ఉంటుంది, చేత్తో తట్టితే డొల్ల శబ్దం వస్తుంది. మన పల్లెలలో మట్టిగోడల ఇండ్లు ఎరిగినవారికి దీనిని వేరుగా చెప్పనక్కరలేదు. తాటాకు కప్పు బాగున్నంత కాలం మట్టిగోడ తాతల నాటి నుండి మనుమల నాటి వరకు నిలుస్తుంది. కప్పు లేచిపోతే ఒక్క వానాకాలం చాలు.

అమెరికాలో కప్పు వేసిన మొదటి పెద్ద వంతెన ఫిలడెల్ఫియా నగరంలో స్కూల్‌కిల్ నది మీద 1805లో తెరచినది. తిమోతి పామర్ అనే వడ్రంగి దానిని కట్టాడు. ఆ వంతెన కంపెనీ అధ్యక్షుడు, న్యాయాధిపతి అయిన రిచర్డ్ పీటర్స్ దానికి కప్పు వేయించాలని పట్టుపట్టాడు. కప్పు లేని కర్ర వంతెన పది పన్నెండేండ్లకు మించి నిలవదని, చక్కగా కప్పితే ముప్పది, నలుబది ఏండ్లయినా నిలుస్తుందని పామర్ అభిప్రాయపడ్డాడు. చిత్రమేమిటంటే, ఆ వంతెన తెరచిన రెండేండ్లకు, అనగా 1807లో, జర్మనీ నుండి పదునాలుగేండ్ల కుర్రవాడొకడు బ్రతుకు తెరువు కొరకు అదే ఫిలడెల్ఫియాలో దిగాడు. అతడే తరువాత గుంటూరుకు వచ్చిన ఫాదర్ హెయ్యర్.

ఆ తరువాత పెన్సిల్వేనియా రాష్ట్రమంతటా కప్పు వంతెనలు లేచినవి. అమెరికాలోని ఏ రాష్ట్రంలోనూ అన్ని లేవు. ఇప్పటికీ అక్కడ 200కు పైగా మిగిలి ఉన్నవి.

తడిక వంటి అల్లిక

మన వంతెనకు సాక్స్ వంతెన అని పేరు. సాక్ వంతెన అని కూడా అంటారు. మార్ష్ క్రీక్ అనే వాగు మీద రెండు రాతి దిమ్మెలను ఆనుకొని, 100 అడుగుల పొడవున నిలిచి ఉన్నది. కట్టినప్పుడు దీనికి అయిన ఖర్చు 1,544 డాలర్లు.

దీని పనితనం చెప్పుకోదగినది. ఇథియల్ టౌన్ అనే శిల్పి 1820లో ఒక పద్ధతికి పేటెంటు పొందాడు. అంతకు ముందు పెద్ద వంతెన కట్టాలంటే పెద్ద పెద్ద మానులు, ఆరితేరిన వడ్రంగులు కావలసి ఉండేది. టౌన్ పద్ధతిలో అవేమీ అక్కరలేదు. కోత మిల్లులో కోసిన మామూలు పలకలను ఏటవాలుగా ఒకదాని మీద ఒకటి అడ్డంగా పరచి, అవి కలిసిన ప్రతి చోట బర్మాతో బెజ్జం చేసి, కొయ్య చీలలు దిగగొడతారు. మన వెదురు తడిక ఎట్లుంటుందో అట్లే ఉంటుంది. వంతెనకు రెండు ప్రక్కల నిలిచిన ఈ చెక్క తడికలే బరువు మోసేవి. దీనిలో ఏ ఒక్క పలకా గొప్పది కాదు. ఒక పలక పుచ్చినా దాని బరువును ప్రక్క పలకలు పంచుకుంటాయి. పుచ్చినదానిని తీసి క్రొత్తది వేసుకోవచ్చు. పల్లెటూరి వడ్రంగులు చేయగలిగిన పని కనుక ఈ పద్ధతి దేశమంతా వ్యాపించినది. తన పద్ధతిలో కట్టినవారి నుండి టౌన్ అడుగుకు ఒక డాలరు పుచ్చుకొనేవాడట. అడగకుండా కట్టి పట్టుబడినవారి నుండి రెండు డాలర్లు!

ఆ వంతెనల చుట్టూ ఒక పల్లె బ్రతుకు అల్లుకొని ఉండేది. వాన వస్తే బాటసారులకు అదే సత్రం. వంతెన మీద గుర్రాలను పరుగెత్తించరాదని, నడిపించాలని, తప్పినవారికి జుర్మానా అని బోర్డులు వ్రాసి పెట్టేవారు. ఒకేసారి అదటుతో డెక్కలు పడితే కట్టడం అదిరిపోతుందని భయం. ఆ రోజులలో శీతకాలంలో అక్కడ చక్రాల బండ్లకు బదులు మంచు మీద జారే బండ్లు నడిచేవి. కప్పు ఉన్నందున వంతెన లోపల మంచు పడదు. అందుచేత ఊరివారు పారలతో మంచు తెచ్చి వంతెన నేల మీద పరచేవారు! కప్పు మంచును ఆపాలి, ఊరివారు మంచును మోయాలి. వంతెన ఉంటే చాలదు, దానికి ప్రతి ఏడూ ఊడిగం చేయాలని ఆ పల్లెవారు ఈ విధంగా నేర్చుకున్నారు.

1863 జూలై

ఆ పల్లె వంతెన దేశ చరిత్రలోకి ఎక్కింది 1863లో. బానిసత్వం వలన రెండుగా చీలిన అమెరికా అప్పటికి రెండేండ్లుగా తనలో తాను పోరాడుతున్నది. జూలై 1, 2, 3 తేదీలలో గెట్టిస్‌బర్గ్ వద్ద మహా యుద్ధం జరిగింది. మూడు దినాలలో చచ్చినవారు, గాయపడినవారు, పట్టుబడినవారు, జాడ తెలియనివారు కలిసి ఉభయ పక్షాలలో సుమారు 50,000 మంది. మొదటి దినమున ఉత్తరాది సైన్యంలోని కొన్ని దళాలు ఈ సాక్స్ వంతెన మీదుగానే యుద్ధభూమికి నడిచాయి. జనరల్ లీ నాయకత్వంలోని దక్షిణాది సైన్యం ఓడిపోయి, 4వ తేదీ రాత్రి కుండపోత వానలో తిరుగుముఖం పట్టినప్పుడు వారిలో ఒక భాగం ఇదే వంతెన దాటి వెళ్ళింది. బానిసత్వాన్ని తీసివేయడానికి పోరాడినవారిని, దానిని నిలుపుకోవడానికి పోరాడినవారిని ఒకే వంతెన నాలుగు దినాల తేడాలో మోసింది. ఈ కారణంచేతనే ఇప్పటికీ ఆ వంతెన మీద రాత్రివేళ సిపాయిల దయ్యాలు తిరుగుతాయని చెప్పుకుంటారు. దయ్యాల మాట అటుంచి, అక్కడ నడిచినవారి బాధ మాత్రం నిజమే.

వంతెనకు ఎవరు దాటారన్న విచారణ లేదు. దానిని తప్పు పట్టలేము, అది కర్ర. క్రీస్తు సంఘం కర్ర కాదు. అదే పట్టణపు వేదాంత పాఠశాలను స్థాపించిన శామ్యూల్ సైమన్ ష్మకర్ బానిసత్వాన్ని ఎదిరించినవాడు. 1835లో డేనియల్ పేన్ అనే నల్లజాతి యువకుడిని ఆ పాఠశాలలో చేర్చుకున్నారు. ఆయన తరువాత ఆఫ్రికన్ మెథడిస్టు సంఘానికి బిషప్ అయ్యాడు. యుద్ధకాలంలో దక్షిణాది సిపాయిలు ష్మకర్ ఇంటిని కొల్లగొట్టారు. 1832లో కట్టిన పాఠశాల భవనం యుద్ధపు మొదటి దినమునే ఆసుపత్రి అయింది. ఉభయ పక్షాల క్షతగాత్రులు అక్కడ ప్రక్క ప్రక్కనే పడుకున్నారు. సత్యం విషయంలో పక్షం వహించుట, గాయపడినవాని విషయంలో పక్షం చూడకుండుట - ఈ రెండూ ఒకే కప్పు క్రింద జరిగినవి.

ఆ తుఫాను గాలి మన తీరానికి

ఇప్పుడు మన కథ చెబుతాను. 1841లో సి.ఎం.ఎస్. వారి నోబుల్, ఫాక్స్ దొరలు మచిలీపట్నం వచ్చారు. మరుసటి ఏడు, 1842 జూలై 31న, ఫాదర్ హెయ్యర్ గుంటూరు చేరాడు. కలెక్టరు స్టోక్స్ దొర ఆయనను ఆదరించాడు. 1844లో గెట్టిస్‌బర్గ్ పాఠశాల విద్యార్థి వాల్టర్ గన్ వచ్చి, 1851లో గుంటూరులోనే కన్నుమూశాడు. 1858లో ఉనాంగ్స్ట్ వచ్చాడు. పని వేరు పట్టుతున్నది.

అంతలో అమెరికాలో యుద్ధం. నాలుగేండ్ల పాటు అక్కడి సంఘాల బిడ్డలు యుద్ధభూములలో, వారి ధనం ఆసుపత్రులలో. యుద్ధం ముగిసినా అక్కడి లూథరన్ సంఘం తనలో తాను చీలిపోయింది. ఆ బాధలన్నీ సముద్రాలు దాటి గుంటూరుకు, రాజమండ్రికి వచ్చి తగిలినవి. మనుష్యులు రాలేదు, డబ్బు రాలేదు. ఉన్నవారిలో కొందరు మరణించారు, కొందరు తిరిగి వెళ్ళారు. కప్పు లేచిపోయిన మట్టిగోడ స్థితి వచ్చింది. చివరకు రాజమండ్రి, సామర్లకోట ప్రాంతపు పనిని సి.ఎం.ఎస్. వారికి అప్పగించుటకు ఏర్పాట్లు జరిగినవి.

ఈ సంగతి హెయ్యర్‌కు తెలిసింది. అప్పటికి ఆయన రెండు పర్యాయాలు తెలుగు దేశంలో పనిచేసి స్వదేశానికి వెళ్ళి ఉన్నాడు. వయస్సు 76వ ఏట నడుస్తున్నది. 1869లో పెన్సిల్వేనియాలోని రీడింగ్ పట్టణంలో జరిగిన సంఘ సభలో ఆ వృద్ధుడు లేచి, ఆ పొలాన్ని విడిచిపెట్టవద్దని, ఎవరూ లేకపోతే తానే వెళ్తానని చెప్పాడు. అన్నట్లే అదే ఏడు ఓడ ఎక్కి మూడవసారి వచ్చాడు. యువకులు వచ్చి పని అందుకొనేవరకు రాజమండ్రిలో ఉండి, 1871లో తిరిగి వెళ్ళి, 1873లో ప్రభువునందు నిద్రించాడు. పెన్సిల్వేనియాలోనే సోమర్సెట్ జిల్లాలో ఆయన సమాధి ఉన్నది. ఆ జిల్లాలో కూడా కప్పు వంతెనలు నేటికీ కొన్ని నిలిచి ఉన్నవి.

హెయ్యర్ మొదటి రాకను గూర్చి అందరూ ప్రసంగిస్తారు. నా మట్టుకు మూడవ రాకే పెద్దది. మొదటిసారి వచ్చింది కట్టడానికి, మూడవసారి వచ్చింది కూలిపోతున్నదానికి కప్పు వేయడానికి. కట్టినవానికి పేరు వస్తుంది. కప్పు వేసినవాడు ఆ పేరును నిలుపుతాడు.

మూసివేత, వరద, మరల తెరచుట

వంతెన దగ్గరకు తిరిగి వెళ్దాము. 1938లో పెన్సిల్వేనియా రహదారుల శాఖవారు సాక్స్ వంతెనను రాష్ట్రంలో మిక్కిలి చారిత్రకమైన వంతెనగా ప్రకటించారు. గౌరవం దక్కినా బరువు తగ్గలేదు. గుర్రపు బండ్లకు కట్టిన వంతెన మీద మోటారు కార్లు నడిచినవి. 1968లో వాహనాలను ఆపివేసి, నడిచేవారికి మాత్రం విడిచిపెట్టారు. అటువంటి సమయంలోనే పాత కట్టడానికి అసలు ప్రమాదం. వాడుక తీరినదానిని తీసివేసి సిమెంటు వంతెన కట్టుకోవడం తేలిక. పెన్సిల్వేనియాలో ఒకప్పటి కప్పు వంతెనలలో అధిక భాగం అట్లే పోయినవి. సాక్స్ వంతెనను మాత్రం ఉంచుకున్నారు. 1980లో అది జాతీయ చారిత్రక స్థలాల పట్టికలో చేరింది.

1996 జూన్ 19న హఠాత్తుగా వరద వచ్చింది. మార్ష్ క్రీక్ పొంగి వంతెనను ఒక ప్రక్క రాతి దిమ్మె మీది నుండి త్రోసివేసింది. యుద్ధం చేయలేని పని వాగు చేసింది. అక్కడితో కథ ముగిసిందని అనుకోవచ్చు. కాని కొయ్య చీలలతో అల్లిన ఆ తడిక పట్టు విడువలేదు, ముక్కలై కొట్టుకొనిపోలేదు. జిల్లావారు పూనుకొని దానిని బాగుచేయించారు. మరల వరద అందకుండా సుమారు మూడు అడుగులు ఎత్తు పెంచి నిలిపారు. 1997 జూలై 21న వంతెనను తిరిగి తెరచారు. అయిన ఖర్చు సుమారు 5 లక్షల డాలర్లు. మొదటి ఖర్చు 1,544 డాలర్లని పైన చెప్పాను. నాటి డాలరుకు, నేటి డాలరుకు విలువ వేరు. అయినా లెక్క మనకు ఒక మాట చెబుతున్నది. కట్టుట ఒకనాటి ఖర్చు, నిలుపుకొనుట తరతరాల ఖర్చు.

ఆ వంతెనలో ఇప్పుడున్న పలకలన్నీ మొదటివి కావు. నడిచి అరిగినవి, పుచ్చినవి ఎప్పటికప్పుడు మారుతూ వచ్చినవి. అయినా అది అదే వంతెన. సంఘం కూడా అంతే కదా! నూరేండ్ల క్రిందట బాప్తిస్మం పొందినవారిలో ఇప్పుడు మన మధ్య ఎవరున్నారు? పలకలు మారినవి, అల్లిక మారలేదు.

మనము చేయవలసినది

సొలొమోను మందిరం కట్టిన సంగతి మన పిల్లలకు సండేస్కూలులోనే తెలుసు. యోవాషు రాజు కాలంలో ఆ మందిరాన్ని బాగుచేసిన సంగతి ఎందరికి తెలుసు? రాజుల రెండవ గ్రంథం పండ్రెండవ అధ్యాయం తీసి చూడండి. బాగుచేయడానికని ద్రవ్యం వసూలు చేశారు గాని ఆ రాజు ఏలుబడిలో ఇరువది మూడవ సంవత్సరం వరకు పని జరగలేదు. అప్పుడు యెహోయాదా అనే యాజకుడు ఒక పెట్టె మూతకు బెజ్జం చేసి బలిపీఠం దగ్గర పెట్టాడు. ఆ ద్రవ్యాన్ని వడ్రంగులకు, తాపీపనివారికి నేరుగా ఇచ్చారు. ఆ పనివారు నమ్మకస్థులు గనుక వారిని లెక్క కూడా అడగలేదని వ్రాయబడి ఉన్నది. కట్టినవానితో సమానంగా బాగుచేసినవానిని కూడా పరిశుద్ధ గ్రంథం గుర్తుపెట్టుకున్నది.

మన అధ్యక్ష మండలంలో పాత మందిరాలు, మిషను బంగళాలు, బడులు ఎన్ని ఉన్నవో అందరమూ ఎరుగుదుము. వాటిలో చాలావరకు తాటాకు పాకలుగా మొదలై, ఊరివారు మట్టి మోసి, సున్నం నూరి, పెంకు కప్పించుకున్నవి. నేను ఉద్యోగరీత్యా కట్టడాల మరమ్మతులు చూచినవాడను. ఒక పల్లెలో ప్రార్థనా మందిరం చూచాను, పేరు అవసరం లేదు. కప్పు మీదికి వంగిన వేపచెట్టు ఆకులు రాలి, నీరు పోయే గాడి పూడిపోయింది. నిచ్చెన వేసి ఆ ఆకు తీయడం ఒక్క పూట పని. తీసినవారు లేరు. నీరు గోడలోకి దిగి, నాలుగైదు వానాకాలాలకు టేకు దూలం కొన పుచ్చి, పెంకు కూలింది. అప్పుడు, ఇక ఇది పనికిరాదు, పడగొట్టి స్లాబు వేద్దామని తీర్మానించారు. మందిరం ముసలిదై పడిపోలేదు. ఆకు తీసేవాడు లేక పడిపోయింది.

క్రొత్త మందిరాలు కట్టవద్దని నేను చెప్పడం లేదు. సంఘం పెరిగితే కట్టవలసినదే. కాని శతవార్షికోత్సవం పేరిట శంకుస్థాపన ఫలకాలు వేసేటప్పుడు, ఉన్నదానిని పడగొట్టే ముందు దూలం చివర ఒకసారి తట్టి చూడమని కోరుతున్నాను. ప్రతి పాస్టరేటులోనూ కానుకలలో కొంత భాగం మరమ్మతుల కొరకు వేరుగా ఉంచాలి. రోహిణి కార్తెలో, తొలకరికి ముందుగానే, ఇద్దరు యువకులు, ఒక వడ్రంగి, ఒక పెద్ద కలిసి కప్పు ఎక్కి చూడాలి. బాప్తిస్మాల రిజిస్టర్లు, సెషను పుస్తకాలు చెదలు పట్టక ముందే ప్రతులు తీయించాలి. అవి కూడా మన దూలాలే. మన తాత పేరు, అవ్వ పేరు మొదటిసారి గౌరవంగా వ్రాయబడినది ఆ పుటలలోనే.

కట్టడాలకన్నా ముఖ్యమైన కప్పు మరొకటి ఉన్నది. నూరేండ్ల క్రిందట మన అవ్వలు సందెవేళ దీపం పెట్టి పిల్లలను కూర్చోబెట్టి చేసిన కుటుంబ ప్రార్థన మన ఇండ్లకు కప్పు. అది ఎన్ని ఇండ్లలో నిలిచి ఉన్నదో, ఎన్ని ఇండ్లలో లేచిపోయిందో ఎవరికి వారు చూచుకోవలసినదే. పైకి గోడలు బాగానే కనిపిస్తూ ఉండవచ్చు. వాన వచ్చినప్పుడు తెలుస్తుంది.

మార్ష్ క్రీక్ ఒడ్డున పేరు తెలియని పల్లెవారు ఎందరో చీల దిగగొట్టారు, పెంకు మార్చారు, మంచు మోశారు. వారి చేతులే ఆ వంతెనను మన కాలం దాకా తెచ్చినవి. రాబోయే నూరేండ్ల సంఘం మన చేతులను గూర్చి అట్టి సాక్ష్యమే చెప్పగలిగేలా, కట్టినవారి ఓపికను, కప్పు వేసేవారి నమ్మకత్వాన్ని ప్రభువు మనకు అనుగ్రహించును గాక.